సొంత కారుతో సునౌలీ దాటి నేపాల్ వెళ్ళడం: నా అనుభవం

కాశీ, అయోధ్య చూసుకుని అటు నుంచి అటే పశుపతినాథ్‌కో ముక్తినాథ్‌కో వెళ్ళొద్దాం అనుకునే మనవాళ్ళు ఎక్కువమంది సరిహద్దు దాటేది ఉత్తరప్రదేశ్‌లోని సునౌలీ దగ్గరే. టూర్ బస్సులో వెళ్తే ఆ ఊరు ఎప్పుడొచ్చిందో ఎప్పుడు పోయిందో కూడా తెలీదు, కాగితాల పని టూర్ వాళ్ళే చూసుకుంటారు, మనం సీట్లో కూర్చుని వేరుశెనక్కాయలు తింటుంటే సరిహద్దు దాటిపోతుంది. సొంత బండితో వెళ్తే అలా కాదు, ప్రతి కిటికీ దగ్గరా మనమే నిలబడాలి. నేను 2024 అక్టోబర్‌లో, దసరాకు కొద్దిగా ముందు, అమ్మానాన్నలనీ బాబాయినీ తీసుకుని ఖమ్మం నుంచి మా కారులోనే వెళ్ళాను. బయల్దేరే ముందు తెలుగులో ఎంత వెతికినా టూర్ ధరలే తప్ప, బండికి ఏమేం కావాలి, ఎక్కడ ఆపుతారు, ఏం అడుగుతారు అని చెప్పినవాళ్ళు కనబడలేదు. అందుకే కాస్త పెద్దదైనా పూర్తిగా రాస్తున్నాను.

ముందే చెప్పేస్తాను, సునౌలీలో మనుషులకు పెద్ద పనేమీ లేదు, పనంతా బండిదే. 1950లో భారత్, నేపాల్ చేసుకున్న శాంతి, మైత్రి ఒప్పందం వల్ల మనకు వీసా అక్కర్లేదు. పాస్‌పోర్ట్ కూడా ఉండి తీరాలని లేదు, ఓటర్ కార్డు ఉంటే చాలు. ఆధార్ సంగతే చాలామందికి తెలీదు. 15 ఏళ్ళ లోపు పిల్లలకు, 65 దాటిన పెద్దలకు మాత్రమే నేపాల్ ప్రయాణానికి ఆధార్ చెల్లుతుంది. నాన్నకు 65 దాటాయి కాబట్టి ఆయనకు ఇబ్బంది లేదు. అమ్మకు ఇంకా ఆ వయసు రాలేదు, అందుకని బీరువా అంతా వెతికి ఓటర్ కార్డు బయటికి తీయాల్సి వచ్చింది. రోడ్డు మీద దాటేటప్పుడు ప్రతి ఒక్కరి కార్డూ చూడరన్నది నిజమే, మా అందరివీ అడగలేదు కూడా. అయినా అంత దూరం పెద్దవాళ్ళను తీసుకెళ్ళి, అడగరులే అన్న ధైర్యం మీద గేటు దగ్గర నిలబడటం నాకు ఇష్టం లేదు.

బండికి కావాల్సినవి: ఆర్సీ ఒరిజినల్, డ్రైవింగ్ లైసెన్స్ ఒరిజినల్, ఇన్సూరెన్స్, పొల్యూషన్ సర్టిఫికెట్. ఫోన్‌లో ఉన్న ఆర్సీని నమ్ముకోవద్దు, కార్డే పెట్టుకోండి. అన్నిటికీ రెండు మూడు సెట్లు జిరాక్స్ తీయించండి, సరిహద్దు దగ్గర జిరాక్స్ షాపులు ఉంటాయి కానీ అక్కడా లైనే. బండి ఎవరి పేరు మీద ఉందో ఆ మనిషి బండిలో ఉంటే సుఖం. మా ఆర్సీ నాన్న పేరు మీద ఉంది, నడిపేది నేను, ఆయన పక్కనే ఉన్నారు కాబట్టి ఒక్క ప్రశ్నతో సరిపోయింది. యజమాని రాకపోతే ఆయన ఇచ్చిన అనుమతి పత్రం చేతిలో ఉండాలి. ఫ్రెండ్ కారు తీసుకెళ్దాం, ఆఫీసు కారు తీసుకెళ్దాం అనుకునేవాళ్ళు ఈ ముక్క గుర్తుపెట్టుకోండి.

ఇన్సూరెన్స్ గురించి ఇంకాస్త చెప్పాలి, ఎందుకంటే దీన్ని ఎవరూ పట్టించుకోవడం లేదు. మన మామూలు మోటార్ పాలసీ చెల్లేది మన దేశంలోనే. నేపాల్‌లో ఏదైనా జరిగితే క్లెయిమ్ రావాలంటే ముందే కంపెనీకి చెప్పి, కొంచెం అదనపు ప్రీమియం కట్టి, పాలసీని నేపాల్‌కు కూడా వర్తించేలా రాయించుకోవాలి. కంపెనీలన్నిటికీ ఈ సౌకర్యం తెలిసిందే, అడిగేవాళ్ళే లేరు. సరిహద్దు దగ్గర ఆ కాగితం చూపించమని ఎవరూ అడగరు, అందుకే లేకుండానే వందల బండ్లు వెళ్ళిపోతున్నాయి. ఆ కొండ రోడ్లు చూశాక చెప్తున్నా, అది లేకుండా వెళ్ళకండి.

ఇక డబ్బు. 2018 డిసెంబర్‌లో నేపాల్ ప్రభుత్వం వంద రూపాయలకు పైబడిన మన నోట్లను నిషేధించింది. మేం వెళ్ళినప్పుడు అదే నడుస్తోంది. మీరు వెళ్ళే ముందు అప్పటి నియమం ఏంటో ఒకసారి కనుక్కోండి. నేను బ్యాంకులో అడిగి వంద నోట్ల కట్టలు తీసుకున్నాను. మన వందకు వాళ్ళ నూట అరవై, ఈ లెక్క 1993 నుంచి మారలేదు, కాబట్టి ఎవరైనా ‘ఈ రోజు రేటు తగ్గింది’ అంటే వాళ్ళు తీసుకునేది కమీషన్ అని అర్థం చేసుకోండి. మన వంద నోటు దాదాపు ప్రతి దుకాణంలోనూ తీసుకుంటారు. ధర చెప్పగానే ‘ఐసీయా, ఎన్సీయా’ అని అడగడం అలవాటు చేసుకోవాలి, ఐసీ అంటే మన రూపాయి, ఎన్సీ అంటే వాళ్ళది. ఈ ఒక్క ప్రశ్నతో రోజూ ఎంతో మిగులుతుంది. 2024 మార్చి నుంచి నేపాల్‌లో ఫోన్‌పే క్యూఆర్ కోడ్ ఉన్న చోట మన యూపీఐ పనిచేయడం మొదలైంది. ఈ ఫోన్‌పే నేపాల్ కంపెనీ, మన దగ్గర ఉన్న యాప్ కాదు. పెద్ద హోటళ్ళలో యూపీఐతో కట్టాం, రోడ్డు పక్క టీ కొట్లలో మాత్రం నోట్లే.

గోరఖ్‌పూర్ నుంచి సునౌలీ దాదాపు 90 కిలోమీటర్లు. ముందు రోజు గోరఖ్‌పూర్‌లోనే పడుకున్నాం. గోరఖ్‌నాథ్ మఠం చూశాం, గీతా ప్రెస్‌కు వెళ్ళాం. 1923లో పెట్టిన ఆ ప్రెస్సు తెలుగులో వేసిన పుస్తకాలను అంత దూరంలో చూసి అమ్మ చాలాసేపు కదల్లేదు. పొద్దున్నే బయల్దేరి క్యాంపియర్‌గంజ్, ఫరేందా మీదుగా వెళ్తుంటే రోడ్డు బాగానే ఉంది, రెండు పక్కలా వరి, చెరకు, ఎటు చూసినా చదును నేల. నౌతన్వా దగ్గరికి వచ్చాకే అసలు సంగతి తెలిసింది. అక్కడి నుంచి ఎడమ పక్కన లారీలు ఒకదాని వెనక ఒకటి, ఇంజన్లు ఆపేసి, డ్రైవర్లు టైర్ల పక్కనే స్టవ్వులు వెలిగించి రొట్టెలు కాల్చుకుంటూ. ఆ వరుస సరిహద్దు దాకా తెగలేదు. నేపాల్‌కు వెళ్ళే సిమెంటు ముడిసరుకు, మందులు, మోటార్ సైకిళ్ళు, బియ్యం, కూరగాయలు, ఇలా ఆ దేశానికి రోజూ కావాల్సిన సరుకులో పెద్ద భాగం బీహార్‌లోని రక్సౌల్ తర్వాత ఈ దారినే పోతుంది. కార్లు, బస్సులు, ఈ-రిక్షాలు, సైకిళ్ళు అన్నీ మిగిలిన సగం రోడ్డులోనే రెండు వైపులా నడవాలి. లారీల లైను చూసి భయపడి దాని వెనకే ఆగిపోకండి, ఆ లైను కార్లకు కాదు. కుడి పక్కగా, నెమ్మదిగా, ఎదురొచ్చేవాళ్ళకు దారిస్తూ వెళ్ళాలి.

బండి లేనివాళ్ళకు ఇంకా సులువు. గోరఖ్‌పూర్ రైల్వే స్టేషన్ దగ్గర నుంచి సునౌలీకి బస్సులున్నాయి, నౌతన్వా దాకా రైలు కూడా ఉంది. సునౌలీలో దిగి సంచులు పట్టుకుని గేటు దాటి నడిచి వెళ్ళి, అటు పక్క బేలహియాలో పోఖరా బస్సో కాఠ్మాండూ బస్సో ఎక్కేయొచ్చు.

సునౌలీ నిజానికి ఒకే రోడ్డు ఊరు. జనం ఆ రోడ్డు మీదే బతుకుతున్నారు. నోట్లు మార్చే బడ్డీలు, మందుల షాపులు, దుప్పట్ల దుకాణాలు, బిస్కెట్ల హోల్‌సేల్, లిట్టీ-చోఖా బండ్లు, చీకటి గదుల లాడ్జీలు. దుకాణాల్లో కొనేవాళ్ళలో సగం మంది అటు నుంచి వచ్చినవాళ్ళే. చీర కుచ్చిళ్ళు ఎత్తి దోపుకుని చక్కెర సంచీ నెత్తిన పెట్టుకున్న ఆడవాళ్ళు, సైకిలు హ్యాండిల్‌కు రెండు పక్కలా నూనె డబ్బాలు కట్టుకున్న పిల్లలు, మన వైపు కొని వాళ్ళ వైపు ఇంటికి పోతున్నారు. దుకాణదారు ఒక చేత్తో మన నోట్లు, ఇంకో చేత్తో వాళ్ళ నోట్లు లెక్కపెడతాడు, క్యాలిక్యులేటర్ ముట్టుకోడు, నూట అరవై లెక్క నోటి మీదే. చాలామంది ఈ ఊరిని గలీజు, రద్దీ, తొందరగా దాటేయండి అని రాస్తారు. దుమ్ము ఉంది, హారన్లున్నాయి, నిజమే. కానీ రెండు దేశాల సరుకు మొత్తం రెండు లారీలు పట్టని రోడ్డు మీదికి తోసేసి ఊరిని తిట్టడం నాకు సబబు అనిపించలేదు. మేం అక్కడే టిఫిన్ చేశాం, బాబాయి నోట్లు మార్చారు. ఒక బడ్డీలో నోట్లు తక్కువొచ్చాయి, ఆయన అక్కడే నిలబడి మళ్ళీ లెక్కపెట్టమంటే మారుమాట లేకుండా ఇచ్చేశారు. కౌంటర్ వదలకముందే లెక్క చూసుకోవాలి, అంతే.

మన వైపు గేటు దగ్గర సశస్త్ర సీమా బల్ జవాన్లు ఉంటారు, నేపాల్ సరిహద్దు 2001 నుంచి వాళ్ళ కాపలాలోనే ఉంది. బండి ఆపారు. ఎక్కడి నుంచి, ఎక్కడికి, ఎంతమంది అని అడిగి, డిక్కీ తెరిపించి ఒకసారి చూసి పంపేశారు. నంబర్ ప్లేటు చూసి ఒక జవాను ‘తెలంగాణా సే గాడీ లేకే ఆయే?’ అన్నాడు, నాన్న ముఖం వెలిగిపోయింది. గేటు దాటితే దశ్‌గజా, అంటే ఎవరిదీ కాని సన్నటి పట్టీ. ఇంకొన్ని అడుగులేస్తే బుద్ధుడి బొమ్మ ఉన్న నేపాల్ స్వాగత ద్వారం. అది దాటగానే ఊరు బేలహియా, భైరహవా పట్టణానికి అంచు. ఫోన్‌లో టైం చూసుకోండి, అక్కడి గడియారం మనకన్నా 15 నిమిషాలు ముందుంటుంది.

ఇక్కడే మొదలవుతుంది అసలు హడావిడి. ద్వారం దాటి బండి వేగం తగ్గించగానే ముగ్గురు నలుగురు కుర్రాళ్ళు అద్దం మీద తట్టారు. ‘భన్సార్, భన్సార్, పది నిమిషాల్లో చేయిస్తా, ఆర్సీ ఇవ్వండి.’ భన్సార్ అంటే కస్టమ్స్ ఆఫీసు. మన బండి నేపాల్‌లో తిరగాలంటే అక్కడ రోజుకు ఇంత అని సుంకం కట్టి కాగితం తీసుకోవాలి, ఆ కాగితాన్నీ అందరూ భన్సార్ అనే అంటారు. ఒకతను మొత్తం ఇంతవుతుందని చెప్పిన లెక్క, తర్వాత కౌంటర్లో నేను కట్టిన దానికి దాదాపు రెట్టింపు. అతని కష్టానికి ఏదో తీసుకోవడంలో తప్పు లేదు, కానీ ఎంత సర్కారు ఫీజో ఎంత తన కూలో విడిగా చెప్పడు, అడిగితే ఇంకొకరి వైపు వెళ్ళిపోయాడు. ఒరిజినల్ ఆర్సీ, లైసెన్సు చేతికిచ్చి అతను ఎటు వెళ్ళాడో చూస్తూ నిలబడటం నా వల్ల కాదు. హిందీ వచ్చి, కాసేపు ఓపిక ఉంటే ఈ పని ఎవరైనా సొంతంగా చేసుకోవచ్చు. నేను ఇంత పొడుగ్గా రాస్తున్నది ఆ ధైర్యం ఇవ్వడానికే. హిందీ రాకపోతే, పెద్దవాళ్ళు ఎండలో అలిసిపోతుంటే మాత్రం మనిషిని పెట్టుకోండి, కానీ రేటు ముందే మాట్లాడుకుని, కాగితాలు మీ చేతిలోనే ఉంచుకుని అతని వెంట వెళ్ళండి, ప్రతి రసీదూ అడిగి తీసుకోండి.

బండిని పక్కన ఆపి అమ్మావాళ్ళను నీడలో కూర్చోబెట్టి నేనూ నాన్నా కిందికి దిగాం. అప్పుడే వెనక నుంచి ‘అన్నా, ఖమ్మం బండా?’ అని వినబడింది. అచ్చ తెలుగు. తిరిగి చూస్తే ఇరవై రెండు ఇరవై మూడేళ్ళ నేపాలీ కుర్రాడు, వెనక ఇద్దరు స్నేహితులు. హైదరాబాద్ కొండాపూర్‌లో ఫాస్ట్‌ఫుడ్ సెంటర్లో వంట చేస్తాడట, ఊరు పాల్పా, ఈ సిద్ధార్థ రాజమార్గం మీదే పైన కొండల్లో. దశైన్‌కు ఇంటికి పోతున్నాడు. మన దసరా రోజులే వాళ్ళకు దశైన్, ఏడాదిలో అన్నిటికన్నా పెద్ద పండగ, పెద్దవాళ్ళ చేత నుదుట టీకా, అంటే బొట్టు, పెట్టించుకోవడానికి ఎక్కడెక్కడ పనిచేసేవాళ్ళూ ఇంటికి చేరతారు. అందుకే ఆ రోజుల్లో సునౌలీ సంత రోజు బస్టాండులా కిక్కిరిసి ఉంటుంది, ఢిల్లీ, గుజరాత్, బెంగళూరు, మన హైదరాబాద్ నుంచి రైళ్ళ మీద గోరఖ్‌పూర్ వచ్చి, బస్సుల మీద ఇక్కడ దిగినవాళ్ళే అందరూ. ‘ఎన్నాళ్ళకు వెళ్తున్నావు నాయనా?’ అని నాన్న అడిగారు. ‘రెండేళ్ళయింది సార్. పోయిన పండక్కి ఓనర్ లీవియ్యలే.’ మాకు ఏ గది ఏదో చూపించింది అతనే. డబ్బులివ్వబోతే తీసుకోలేదు.

పని జరిగే వరస ఇది. ముందు ఫారం. బండి నంబరు, ఇంజన్ నంబరు, ఛాసిస్ నంబరు, యజమాని పేరు, నడిపేవాళ్ళ పేరు, లైసెన్స్ నంబరు, ఎక్కడెక్కడికి వెళ్తారు, ఎన్ని రోజులు. ఆర్సీ ముందు పెట్టుకుని చూసి రాయాలి, ఛాసిస్ నంబర్లో ఒక్క అక్షరం తేడా వచ్చినా తర్వాత చెకింగ్‌లో మనమే సమాధానం చెప్పుకోవాలి. ఫారానికి ఆర్సీ, లైసెన్స్ జిరాక్స్‌లు జతచేసి కిటికీలో ఇస్తే కంప్యూటర్లో ఎక్కించి ఎంత కట్టాలో చెప్తారు. నేపాలీ రూపాయల్లో కట్టాలి, అందుకే నోట్లు ముందే మార్చుకోండి. కట్టాక రసీదు, దానిమీద ముద్ర. ఆ తర్వాత బండి ఫలానా చోట్ల తిరగడానికి రవాణా వాళ్ళ అనుమతి చీటీ విడిగా ఉంటుంది, దాన్ని యాతాయాత్ అంటారు. రెండూ వచ్చాకే బండి ముందుకు తీయండి. పండగ రద్దీలో కూడా మాకు పూట పట్టలేదు.

ఎన్ని రోజులకు కట్టాలన్నది బాగా ఆలోచించి చెప్పాలి. దాటిన రోజు కూడా లెక్కలోకి వస్తుంది, గంట ముందు వచ్చినా రోజు రోజే. గడువు దాటితే జరిమానా గట్టిగా ఉంటుంది. మధ్యలో పొడిగించుకోవచ్చు గానీ దానికి మళ్ళీ ఏదో ఒక కస్టమ్స్ ఆఫీసు వెతుక్కుంటూ పోవాలి. కొండల్లో రోడ్డు ఎప్పుడు మూసుకుపోతుందో తెలీదు. మేం వెళ్ళడానికి కొన్నాళ్ళ ముందే, 2024 సెప్టెంబర్ చివర్లో, కాఠ్మాండూ చుట్టుపక్కల వరదలు, కొండచరియలు విరిగిపడి 200 మందికి పైగా చనిపోయారు, రోడ్లు తెగిపోయి ప్రయాణికులు ఎక్కడివాళ్ళక్కడ ఇరుక్కుపోయారు. అందుకని మా ప్లాన్ కన్నా ఒక రోజు ఎక్కువకే కట్టాను. ఆ ఒక్క రోజు డబ్బు పోయినా పరవాలేదు, టెన్షన్ లేకుండా తిరిగాం. మన ప్రైవేటు బండి ఒక ఆర్థిక సంవత్సరంలో మొత్తం 30 రోజులకు మించి అక్కడ ఉండటానికి వీల్లేదు, అది కూడా తెలుసుకుని ఉండండి.

చేతికొచ్చిన కాగితాన్ని అక్కడే నిలబడి చదవండి. అంకెలు దేవనాగరిలో ఉంటాయి, తేదీలు విక్రమ శకంలో ఉంటాయి. మన క్యాలెండర్లో 2024 అక్టోబర్ అయితే ఆ కాగితం మీద 2081 అసోజ్ నెల. గడువు తేదీ చూసి నాన్న వేళ్ళ మీద లెక్కేసి, సరిపోవట్లేదనిపించి కిటికీలో అడిగారు. ఆ ఉద్యోగి విసుక్కోకుండా గోడ మీద ఉన్న క్యాలెండర్ దగ్గరికి వచ్చి, పెద్ద అంకె వాళ్ళది, మూలన చిన్న అంకె మనది అని వేలు పెట్టి చూపించాడు. మన తేదీని పెన్నుతో కాగితం మూలన రాసిచ్చాడు కూడా. ఆ రోజు ఆ గదిలో అంతమంది జనం, చెమట, అరుపులు, అయినా ఆయన ఆ అరనిమిషం తీరిగ్గా మాట్లాడటం నాకు చాలా నచ్చింది.

అదే సమయంలో ఇంకో పక్క చూసింది కూడా రాయాలి. నడిచి దాటేవాళ్ళ సంచులు పోలీసులు విప్పి చూస్తున్నారు. మన వైపు కొన్న సరుకు వంద నేపాలీ రూపాయలు దాటితే సుంకం కట్టాలన్న నియమాన్ని 2023 నుంచి గట్టిగా అమలు చేయడం మొదలుపెట్టారు. వంద నేపాలీ అంటే మన అరవై చిల్లర, దానికి రెండు కిలోల చక్కెర కూడా రాదు. మన కొండాపూర్ కుర్రాడి సంచిలో ఒక ప్రెషర్ కుక్కర్, అట్టపెట్టెతో సహా మిక్సీ, చెల్లెలికని కొన్న రెండు డ్రెస్సులు, ఒక బొంత, అన్నీ నైలాన్ తాడుతో బిగించి కట్టినవి. ఆ ముడులు ఒక్కొక్కటీ విప్పి మళ్ళీ కట్టుకోవడానికి అతనికి పట్టినంతసేపు మా కారు డిక్కీ చెకింగ్‌కు పట్టలేదు. చివరికి పండగ పేరు చెప్పి బతిమాలుకుని బయటపడ్డాడు. దొంగ రవాణా ఆపాలి, కాదనను. కానీ ఈ నియమం బరువంతా నెత్తిన సంచీ మోసేవాళ్ళ మీదే పడుతోంది. అక్కడ కాసేపు నిలబడితే ఎవరికైనా కనబడుతుంది.

అమెరికా పాస్‌పోర్ట్ ఉన్న బంధువులను వెంట తీసుకెళ్ళేవాళ్ళకు ఒక హెచ్చరిక. వాళ్ళు చూడటానికి మనలాగే ఉంటారు కాబట్టి గేటు దగ్గర ఎవరూ ఆపకపోవచ్చు, మన వెంటే నడిచి వెళ్ళిపోగలరు. అలా చేయొద్దు. మన వైపు ఇమిగ్రేషన్ ఆఫీసులో బయటికి వెళ్తున్నట్టు ముద్ర వేయించుకోవాలి, అటు పక్క నేపాల్ వీసా తీసుకోవాలి. అక్కడికక్కడే ఇస్తారు, 15 రోజులకు 30 డాలర్లు. మన వైపు ఆఫీసు రోడ్డు పక్కన దుకాణాల వరసలో ఉంటుంది, చూసుకోకపోతే దాటిపోతాం. ముద్ర లేకుండా వెళ్ళినవాళ్ళకు తిరిగొచ్చేటప్పుడో, ఎయిర్‌పోర్టులోనో తిప్పలు తప్పవు.

బేలహియాలోనే నేపాల్ సిమ్ తీసుకున్నాం, గుర్తింపు కార్డు, ఒక ఫొటో ఇస్తే ఇచ్చారు. మన సిమ్ సిగ్నల్ భైరహవా దాకా ఎంతో కొంత వస్తుంది, తర్వాత పోతుంది.

అక్కడి నుంచి లుంబినీ పాతిక కిలోమీటర్లే. మొదటి రోజు అక్కడే ఆగాం, 1896లో బయటపడ్డ అశోకుడి స్తంభం, మాయాదేవి ఆలయం చూశాం, దాని గురించి రాయడానికి ఇంకో పేజీ కావాలి. మర్నాడు బుట్వల్ మీదుగా పైకి. 1814లో ఈస్టిండియా కంపెనీకీ నేపాల్‌కీ యుద్ధం రావడానికి ఒక కారణం ఈ బుట్వల్ చుట్టుపక్కల భూముల తగాదానే, ఇప్పుడది చదునుకూ కొండకూ మధ్య పెద్ద వ్యాపార కేంద్రం. బుట్వల్ దాటగానే సిద్ధబాబా గుడి దగ్గర రోడ్డు ఒక పక్క కొండకు, ఇంకో పక్క నదికి ఆనుకుని ఉంటుంది, రాళ్ళు పడటానికి పేరుపడ్డ చోటు అది, మేం వెళ్ళినప్పుడు అక్కడ సొరంగం పనులు జరుగుతున్నాయి. వానాకాలంలో, చీకటి పడ్డాక అక్కడ నడపొద్దు. బుట్వల్ నుంచి నారాయణ్‌ఘాట్ వైపు అప్పట్లో రోడ్డు వెడల్పు పనుల దుమ్ము ఉండేది, అటు వెళ్ళేవాళ్ళు దానికీ టైం ఎక్కువే పెట్టుకోండి.

దారిలో ట్రాఫిక్ పోలీసులు మమ్మల్ని కొన్నిచోట్ల ఆపారు. వాళ్ళు అడిగేది ‘బ్లూబుక్’. అక్కడి ఆర్సీని అలా పిలుస్తారు. మనం ఆర్సీ, లైసెన్స్, భన్సార్ కాగితం కలిపి ఇవ్వాలి. నేను ఆ మూడూ ఒక ప్లాస్టిక్ కవర్లో పెట్టి నాన్న చేతికిచ్చాను, ఆపిన ప్రతిసారీ ఆయనే అద్దం దించి అందించారు. మర్యాదగానే మాట్లాడారు, ఎక్కడా చేయి చాపలేదు. సీటు బెల్టు పెట్టుకోకపోతే మాత్రం ఊరుకోరు.

తిరుగు ప్రయాణంలో చాలామంది గేటు కనబడగానే ఇంటికొచ్చేశామన్న సంతోషంలో నేరుగా దాటేస్తారు. భన్సార్ కాగితం చూపించి బండి బయటికి వెళ్ళినట్టు రాయించుకున్నాకే దాటండి. లేకపోతే లెక్క ప్రకారం మీ బండి ఇంకా నేపాల్‌లోనే ఉన్నట్టు, మళ్ళీ ఎప్పుడైనా వెళ్తే గొడవ. నేను ముద్ర పడ్డాక ఫొటో తీసి పెట్టుకున్నాను. మన వైపు ఈసారి చెకింగ్ ఇంకొంచెం నిదానంగా జరిగింది. బంగారం ఉందా, కొత్త ఎలక్ట్రానిక్స్ ఉన్నాయా అని అడిగారు. మా దగ్గర రుద్రాక్షలు, ముక్తినాథ్ దారిలో తీసుకున్న సాలగ్రామం, రెండు ఉన్ని శాలువలు. సాలగ్రామాన్ని అమ్మ ఒళ్ళోంచి దించనంది, ఆ జవాను చేతులు జోడించి అలాగే ఉంచమన్నాడు. మిగిలిన నేపాలీ నోట్లు సునౌలీలోనే మార్చేయండి, గోరఖ్‌పూర్ వెళ్ళాక ఎవరూ తీసుకోరు.

వెళ్ళే తేదీ ఖాయం చేసుకునే ముందు అటో ఇటో ఎన్నికలేమైనా ఉన్నాయేమో చూసుకోండి, పోలింగ్‌కు రెండు మూడు రోజుల ముందు నుంచి సరిహద్దు మూసేస్తారు. సునౌలీలోనూ భైరహవాలోనూ కస్టమ్స్, ఇమిగ్రేషన్ అన్నీ ఒకేచోట ఉండే కొత్త సమీకృత చెక్‌పోస్టుల నిర్మాణానికి 2023 జూన్ 1న రెండు దేశాల ప్రధానులు శంకుస్థాపన చేశారు. అవి పూర్తయి లారీలు అటు మళ్ళితే ఆ మెయిన్ రోడ్డు మీద జనానికి కాస్త ఊపిరాడుతుంది. మేం టిఫిన్ చేసిన కొట్టు అతను మాత్రం లారీలు పోతే డ్రైవర్ల బేరం కూడా పోతుందేమోనని దిగులు పడుతున్నాడు. అందాకా కారులో వెళ్ళేవాళ్ళు గోరఖ్‌పూర్‌లో తెల్లవారుజామునే బయల్దేరి, ఎండ ముదరక ముందే నౌతన్వా దాటేలా చూసుకోండి. ఇంకేమైనా సందేహాలుంటే అడగండి, నాకు తెలిసినంత చెప్తాను.